తల విరిగిన పసిదేవుడు

ఆ రోజుల్లో లోకమంతా మూతికి గుడ్డ కట్టుకుని తిరిగింది. అందరికీ అదొక శిక్ష. నాకు మాత్రం, చెప్పకూడదు గానీ, అడక్కుండా దొరికిన వరం. చిన్నప్పటి నుంచీ నాకు మనుషులంటే ఇష్టమే, మాట్లాడాలంటేనే భయం. పెళ్ళి పంక్తిలో కూర్చుంటే వడ్డించేవాళ్ళని "కాస్త పులుసండీ" అని పిలవలేక ఒట్టి అన్నం తిని లేచిన ఘనత నాది. అలాంటిది, ఎవరింటికీ పోకండి, ఎవరి దగ్గరా నిలబడకండి, ఎవరితోనూ చెయ్యి కలపకండి అని ప్రభుత్వమే పిలిచి చెబితే ఎలా ఉంటుంది? పైకి "అయ్యో, ఏం రోజులివి" అని అందరితోపాటు నిట్టూరుస్తూనే లోపల హాయిగా ఊపిరి తీసుకున్నాను. (అప్పట్లో ఈ మాట డైరీలో రాసుకోవడానికి కూడా సిగ్గేసి, రాసి, కొట్టేసి, మళ్ళీ రాశాను.)

ఐర్లండ్ వచ్చి అప్పటికి ఎంతో కాలం కాలేదు. ఉద్యోగం క్లోనీ వైపు. ఆఫీసులో నా కుర్చీ ఎత్తు సరిచేసుకునేలోపే అందరినీ ఇంటి నుంచి పని చేసుకోమన్నారు. ఆడమ్స్‌టౌన్‌లో మన తెలుగువాళ్ళు ఉండే అపార్టుమెంట్లలో గది దొరక్క, పక్కనే ఉన్న లూకన్ పాత ఊళ్ళో ఒక ముసలావిడ ఇంట్లో మేడమీద గది అద్దెకు తీసుకున్నాను. ఆవిడ భర్త పోయి చాలా కాలమైంది. పొడుగాటి మనిషి, తెల్లటి జుట్టు, పెద్ద గొంతు. ఊపిరితిత్తులు మాత్రం బలహీనం. అందుకని వాళ్ళ జీపీ, అంటే ఊళ్ళో డాక్టరు, గుమ్మం దాటొద్దని గట్టిగా చెప్పేశాడు. మొదటిరోజే నేను అలవాటు కొద్దీ "ఆంటీ" అన్నాను. ఆవిడ ఒక్క క్షణం ఆలోచించి, "మా అక్కచెల్లెళ్ళ పిల్లలు బస్సు నిండా ఉన్నారు పెట్, అయినా ఇంకొకరికి సీటుంది, రా" అంది. పెట్ అంటే ఇక్కడ మన "అమ్మలూ" లాంటిది. గ్యాస్ మీటరు చూడటానికి వచ్చినవాడిని కూడా ఆవిడ పెట్ అనే అంటుంది.

ఆ ఇంట్లో మేమిద్దరమే ఉండేవాళ్ళమంటే తప్పు. గుమ్మంలో, మెట్ల మీద, కిటికీల్లో, స్నానాలగదిలో ఎక్కడ చూసినా విగ్రహాలు. నేను బెజవాడ పిల్లని. పొద్దున దుర్గమ్మ కొండకి దణ్ణం పెట్టి, పరీక్షల ముందు గుణదల మేరీమాతకి కొవ్వొత్తి వెలిగించి పెరిగినదాన్ని. అందుకని పెట్టె దించగానే, గుమ్మంలో ఉన్న నీలం పైటావిడకి చేతులు జోడించాను. మెట్లెక్కుతూ ఇంకొకరికి, పైన మరొకరికి. వెనక నుంచి ఆంటీ చూస్తూనే ఉంది. "వాళ్ళెవరో తెలియకుండానే నమస్కారం పెడుతున్నావే, పరిచయం చేస్తాను రా" అని చెయ్యి పట్టుకుని ఇల్లంతా తిప్పింది. ఆ రోజు నుంచి మా స్నేహానికి ఒక పద్ధతి ఏర్పడింది. నేను ఒక విగ్రహాన్ని చూపించి "ఈవిడెవరు ఆంటీ?" అంటాను. ఆ ఒక్క ముక్కతో నా వంతు అయిపోతుంది. మిగతా గంటా ఆవిడే మాట్లాడుతుంది. నాలాంటిదానికి ఇంతకన్నా ఏం కావాలి?

ఆ ఇంటికి వెళ్ళాకే నాకు తెలిసింది, మేరీమాత ఒక్కతే అయినా ఆవిడకి మన అమ్మవార్లకి ఉన్నన్ని పేర్లున్నాయని. ఫోను పక్కన ఉన్నావిడ మంచి ఆలోచన చెప్పే మాత (కోపంలో ఎవరికైనా ఫోను చెయ్యబోతే ఆగమంటుందట). ఊలు బుట్ట పక్కన చిక్కుముడులు విప్పే మాత. స్నానాలగది కిటికీలో సముద్ర తార, నీళ్ళ శాఖ కాబట్టి. మెట్ల మలుపులో ఏడు కత్తుల దుఃఖమాత, ఆవిడ దగ్గర మాత్రం ఆంటీ గొంతు తగ్గించేది. అన్నిటికన్నా నాకు నచ్చినావిడ హాట్ ప్రెస్‌లో ఉండేది. ఇక్కడ అల్మరాని ప్రెస్ అంటారు, వేడినీళ్ళ ట్యాంకు ఉండే అల్మరా హాట్ ప్రెస్. ఉతికిన దుప్పట్లు అందులోనే ఆరతాయి. ఎప్పుడో ఇంటికి రంగులు వేయిస్తూ ఒక మాత విగ్రహాన్ని అందులో దాచారట. చలికాలమంతా మొరాయించిన బాయిలరు ఆ సాయంత్రమే దానంతటది వెలిగిందట. ఇంక ఆవిడని బయటికి తేలేదు. "హాట్ ప్రెస్ మాత" అని ఆంటీయే బిరుదు ఇచ్చేసింది. "చర్చివాళ్ళు ఒప్పుకుంటారా?" అని అడిగాను. "పేరు తల్లిదండ్రులు పెడతారు పెట్. బిరుదు పనిచేసి సంపాదించుకోవాలి. ఈవిడ సంపాదించుకుంది" అంది, దుప్పట్లు మడత పెడుతూ.

ఈ పేర్లన్నీ నేను రోజూ వీడియోలో మా అమ్మకి అప్పజెప్పేదాన్ని. అమ్మ వంటింట్లో ఫోను పప్పుడబ్బాకి ఆనించి వినేది. "ఆ వెనకాల ఎవరే?" "సముద్ర తార." "అబ్బ, ఎంత బాగుందే పేరు! నీకు పెట్టాల్సింది." కొన్నాళ్ళకి అమ్మ నేరుగా పనులు పురమాయించడం మొదలుపెట్టింది. "ఆ ముడులు విప్పే తల్లికి చెప్పవే, మీ మేనత్త స్థలం కోర్టులో పడి ఎన్నేళ్ళయిందో, కాస్త చూడమను." "అమ్మా, నువ్వే చెప్పుకోవచ్చుగా." "నాకు ఇంగ్లీషు రాదుగా!"

ఇక మేడమీది కిటికీలో ఒక పసివాడు ఉండేవాడు. ఎర్రటి అంగీ, తలమీద తనకన్నా పెద్ద కిరీటం, ఒక చేతిలో భూగోళం, రెండోచేతి రెండు వేళ్ళెత్తి దీవెన. ప్రాగ్ బాలుడు అంటారు. బాలయేసే, ఎక్కడో ప్రాగ్ నగరం పేరు మీద ఐర్లండ్‌లో ఇంటింటా కాపురముంటాడు. "ఈయన ఏం చూసుకుంటాడు?" అంటే "వాతావరణం" అంది ఆంటీ, అప్పుడే ఫోను మోగడంతో కిందికి పోతూ. మన వరుణదేవుడి లాంటివాడన్నమాట అని నేనే అర్థం చేసుకుని ఊరుకున్నాను. ఇంకో ప్రశ్న వేసి ఉంటే ఈ కథే ఉండేది కాదు.

ఆంటీకి ఒక్కతే మనవరాలు. ఆసుపత్రిలో నర్సు. ఈ మహమ్మారి మొదలైనప్పటి నుంచీ ఆ అమ్మాయి ఆంటీని ముట్టుకోలేదు. డ్యూటీ దిగి వచ్చి, పెరట్లో నిలబడి, వంటింటి కిటికీ అద్దం అవతలి నుంచి మాట్లాడి వెళ్ళిపోయేది. ఇద్దరూ అద్దానికి చెరోవైపు అరచేతులు ఆనించేవాళ్ళు. తర్వాత ఆంటీ ఆ అద్దాన్ని తుడిచేది కాదు. ఆ అమ్మాయి పెళ్ళి వాయిదా పడీ పడీ, చివరికి ఆగస్టులో ఖాయమైంది. చర్చిలోకి చాలా కొద్దిమందికే అనుమతి. ఆంటీకి అదీ లేదు, నాలుగు గోడల మధ్య ఇతరులతో కూర్చోవడానికి వీల్లేదని జీపీ ఖరాఖండిగా చెప్పేశాడు. చర్చిలో కెమెరా ఉంది, పెళ్ళి కంప్యూటరులో చూడొచ్చు. ఆ తర్వాత విందు మాత్రం మా పెరటి తోటలోనే, ఎడంఎడంగా కుర్చీలు వేసుకుని. అక్కడైతే ఆంటీ కూర్చోవచ్చు. వాన పడితే మటుకు అందరూ హోటలు హాలుకి పోవాలి, ఆంటీ ఇంట్లో ఉండిపోవాలి. "వాన పడిందంటే నా మనవరాలి పెళ్ళి నాకు టీవీలో సినిమా" అంది ఆవిడ, నవ్వుతూనే. ఆ నవ్వు నాకు నచ్చలేదు. ఐర్లండ్‌లో ఆగస్టులో వాన పడుతుందని చెప్పడానికి వాతావరణ శాఖ అక్కర్లేదు. వాళ్ళు కూడా అదే చెప్పారు.

పెళ్ళి ముందురోజు మధ్యాహ్నం మనవరాలు వచ్చి, జుట్టుకి చుట్టిన రోలర్ల మీద స్కార్ఫ్ కట్టుకుని, పెరట్లో రంగుల తోరణాలు కట్టి, పూలు తేవడానికి వెళ్ళింది. ఆంటీ నన్ను పిలిచి, "పెట్, పైన ఉన్న బాలుడిని తెచ్చి ఆ మొక్కల కంచె కింద పెట్టు. ఆకాశం కనపడేలా పెట్టు" అని, కాసేపు నడుం వాలుస్తానని పైకి వెళ్ళిపోయింది. పెళ్ళికి మన వైపు ఉత్సవ విగ్రహాన్ని బయటికి తెస్తారుగా, అలాంటిదే అనుకున్నాను. రెండు చేతులా ఎత్తుకుని తీసుకెళ్ళి, మట్టి అంటకుండా కింద ఒక పలక వేసి, కూర్చోబెట్టి, దణ్ణం పెట్టుకుని, లోపలికొచ్చి లాప్‌టాప్ ముందు కూర్చున్నాను.

చినుకులు మొదలయ్యాయి. కిటికీలోంచి చూస్తే పసివాడు తడుస్తున్నాడు. కిరీటం మీంచి నీళ్ళు ముక్కు కొస దాకా జారి అక్కడ ఒక బొట్టు వేలాడుతోంది. నా వల్ల కాలేదు. మా ఇంట్లో వినాయక చవితికి బజారు నుంచి మట్టి వినాయకుణ్ణి తెస్తుంటే చినుకు పడితే, నాన్న తన చొక్కా విప్పి స్వామికి కప్పి, బనీనుతో తడుస్తూ వచ్చేవారు. ఆ రక్తమే కదా నాది! ఇంటివాళ్ళది పెద్ద నల్ల గొడుగొకటి ఉంటే తీసుకెళ్ళి, కర్ర కంచెలోకి గుచ్చి, పిడికి ఒక ఇటుక ఆనించి, స్వామికి ఛత్రం పట్టాను. దూరం నుంచి చూసుకుంటే ఎంత ముచ్చటేసిందో! లోపలికొచ్చి కూర్చున్నానో లేదో ఒక గాలి వచ్చింది. గొడుగు తిరగబడింది, ఒక్కసారి గాలిలోకి లేచింది, దిగుతూ దిగుతూ బాలుడిని మెడ దగ్గర కొట్టింది. కిరీటంతో సహా తల దొర్లుకుంటూ పోయి క్యాబేజీ మొక్క కింద ఆగింది.

తెల్లారితే పెళ్ళి. పెళ్ళింట్లో దేవుడి తల విరిగింది. వెంటనే అమ్మకి ఫోను చేశాను.

"అమ్మా, దేవుడి తల విరిగింది."

"ఏ దేవుడే?"

"పైన కిటికీలో ఉంటాడే, బాలయేసు. రేపు పెళ్ళమ్మా ఇక్కడ!"

"ఓరి నాయనో! ఏం చేశావే?"

"గొడుగు పట్టాను."

"గొడుగు పడితే తల ఊడటమేంటే, నీ చేతులు పాడుగాను!" అని ఒక్క క్షణం ఆగి, "దెబ్బ నీకేం తగల్లేదుగా?" అంది.

"లేదు. జిగురు పెట్టి అతికించెయ్యనా?"

"ఛ! విరిగిన విగ్రహాన్ని అతికించి పెట్టుకుంటారా ఎవరన్నా? ఒక్క నిమిషం ఇంటి ఆవరణలో ఉంచకూడదు. అందునా శుభకార్యం. పసుపు కుంకుమ వేసి, పూలు పెట్టి, పారే నీళ్ళలో కలిపెయ్."

"ఆంటీ పడుకుంది, లేపి అడుగుతానమ్మా."

"పడుకుందన్నావుగా? అసలే ఊపిరాడని మనిషి, నిద్రలేపి ఈ మాట చెబితే ఏమన్నా ఉందా? ముందు దోషం పోనీ. లేచాక నిదానంగా చెప్పు. కొత్త విగ్రహం కొనిపెడతామని చెప్పు. ఏరు ఉందా అక్కడ?"

ఏరు ఉంది. అదే నా ఖర్మ. మా సందు చివర చిన్న వంతెన, దాని కింద లిఫీ నదిలో కలవడానికి పోతున్న గ్రిఫీన్ అనే ఏరు. దేవుణ్ణి నా పట్టు చున్నీలో చుట్టుకుని, ఆంటీ తోటలో పూలు నాలుగు కోసుకుని, బొట్టు పెట్టె చేతపట్టుకుని పరిగెత్తాను. మొండేనికీ తలకీ పసుపు రాశాను. ఏ మంత్రం చదవాలో తెలియలేదు. తెలిసిన క్రైస్తవ ప్రార్థన స్కూల్లో నేర్పింది ఒకటుంటే అది చదివి, చివర్లో మనసొప్పక "వెళ్ళి రా స్వామీ" అని తెలుగులో కూడా చెప్పి నీళ్ళలో వదిలాను. తల బుడుంగున మునిగింది. మొండెం మునగలేదు! లోపల బోలు కదా, ఎర్ర అంగీ గాలి పోసుకున్నట్టు తేలి, రెండు వేళ్ళూ పైకెత్తి నన్ను దీవిస్తూ వంతెన కిందుగా సాగిపోయింది. ఒక బాతు దారిచ్చి పక్కకి తప్పుకుంది.

తిరిగి వచ్చేసరికి కంచె దగ్గర ఆంటీ నిలబడి ఉంది. పక్క గేటు అవతల మనవరాలు, చేతినిండా పూలతో.

"పెట్, బాలుడేడీ?"

ఒక్క గుక్కలో చెప్పేశాను. "తల విరిగింది ఆంటీ. గాలికి గొడుగు తగిలి. నన్ను క్షమించండి. కొత్తది..."

ఆవిడ నా భుజాలు పట్టుకుంది. "ఏమన్నావు? తల విరిగిందా?"

"అవును."

"పూర్తిగా?"

"పూర్తిగా."

ఆవిడ ముఖం ఎలా వెలిగిపోయిందో నేను చెప్పలేను. "తల విరిగింది!" అని మనవరాలి వైపు తిరిగి అరిచింది. "విన్నావా? తల విరిగింది! ఇన్నేళ్ళు! మా అక్క దగ్గరున్నవాడి తల ఎప్పుడో పోయింది, దాని పిల్లలందరి పెళ్ళిళ్ళకీ మండుటెండ. నా పెళ్ళికి వరద. ఇన్నేళ్ళూ దులిపాను, తుడిచాను, మెట్ల మీంచి జారవిడవడానికి కూడా కాలేదు, కావాలని చేస్తే పనిచెయ్యదు కాబట్టి. ఇవాళ, పెళ్ళికి ముందురోజు, తనంతట తనే..." ఊపిరాడక ఆగి, కుర్చీ పట్టుకుంది. తర్వాత చుట్టూ చూసింది. "ఏడీ?"

అప్పుడు తెలిసింది నాకు. ఈ దేశంలో పెళ్ళి ముందురోజు ప్రాగ్ బాలుణ్ణి ఆరుబయట పెడితే మర్నాడు వాన రాదు. దానంతటదే తల విరిగిన బాలుడైతే ఇక తిరుగే లేదు. విరిగినవాడిని నీళ్ళపాలు చేసే ఆచారం మాత్రం ఈ దేశంలో ఎక్కడా లేదు.

"ఏట్లో" అన్నాను.

"ఏమిటి?"

"ఏట్లో... వదిలేశాను. మా వైపు అలా..."

ఆవిడ ఆకాశంకేసి చూసింది. నల్లగా ఉంది. వంటింటి గుమ్మం పక్కన తనకోసం వేసుకున్న కుర్చీకేసి చూసింది. ఆ చూపు ఒక్కటే చాలు నాకు, ఏట్లో నేనే దూకి ఉంటే బాగుండేదనిపించడానికి. ఇంతలో మనవరాలు పూలన్నీ గడ్డిమీద పడేసి, షెడ్డులోంచి రబ్బరు బూట్లు లాగింది. "గ్రానీ, నువ్వు గేటు దాటితే చంపేస్తాను. నువ్వు" అని నాకేసి వేలు చూపించి, "ఎక్కడ వదిలావో చూపించు. నడు!"

అలా, తెల్లారితే పెళ్ళికూతురు కావలసిన పిల్ల తలనిండా రోలర్లతో, మోకాలి దాకా బూట్లతో ముందు పరిగెత్తగా, చుడీదారు ఎత్తిపట్టుకుని నేను వెనక పరిగెత్తాను. మొండెం దూరం పోలేదు, వంతెన దిగువన తుంగలో చిక్కుకుని ఇంకా దీవిస్తూనే ఉంది. తల కోసం ఇద్దరం మోకాలి లోతు నీళ్ళలో దిగి చేతులతో వెతుకుతుంటే పైనుంచి గొంతు వినపడింది. "ఏమండీ, ఏం జరుగుతోందక్కడ?" చూస్తే గార్డు, ఇక్కడ పోలీసుని అలాగే అంటారు. జనం గుంపులు కట్టకుండా చూడటానికి తిరుగుతున్నట్టున్నాడు. పడమటి పల్లెల యాస. నాకు జైలు, డిపోర్టేషను, ఎయిర్‌పోర్టులో అమ్మ ఏడుపు, అన్నీ వరసగా కనిపించాయి.

"ప్రాగ్ బాలుడి తల కోసం వెతుకుతున్నాం" అంది మనవరాలు, ఇందులో వింతేముందన్నట్టు.

గార్డు టోపీ తీశాడు. "పెళ్ళెప్పుడు?"

"రేపు."

"తల తనంతట తనే పోయిందా?"

"గొడుగు తగిలి."

"గొడుగెవరు పెట్టారు?" ఆయన గొంతు మారింది. నిజంగా విచారణే. నేను క్లాసులోలాగా చెయ్యెత్తాను.

"ఎందుకు పెట్టావు?"

"తడుస్తున్నాడని" అన్నాను.

"తడవడానికే కదమ్మా ఆయన్ని బయట పెట్టేది" అన్నాడు గార్డు నెమ్మదిగా. "ఎన్నో పెళ్ళిళ్ళు చూశాను. తడుస్తున్నాడు పాపం అని ఇప్పటిదాకా ఒక్కరికీ తట్టలేదు." అని గట్టుమీద కూర్చుని బూట్లు విప్పడం మొదలుపెట్టాడు.

ఆంటీ అప్పటికే మనవరాలి ఫోనులో ఉంది, స్పీకరులో. "ఎవరది?" "గార్డు, గ్రానీ." "ఆయన్ని అడుగు, గొడుగు తగిలి విరిగితే లెక్కలోకి వస్తుందా?" నీళ్ళలో ఇద్దరూ, ఫోనులో ఒకరూ, ఆ ముగ్గురూ శాస్త్రచర్చకి దిగారు. గొడుగు మనిషి పెట్టింది, కాబట్టి చెల్లదని ఒక వాదం. కానీ గొడుగు పెట్టింది కాపాడటానికి, విరగ్గొట్టడానికి కాదని మరొకటి. చివరికి గార్డు నడుం నిటారుగా చేసి తీర్పు చెప్పాడు. "కొట్టింది గొడుగే అయినా గొడుగుని లేపింది గాలి. గాలి ఎవరి సొత్తు? పైవాడిది. చెల్లుతుంది!" ఫోనులో ఆంటీ "దేవుడు నిన్ను చల్లగా చూడాలి నాయనా" అంది. అదే క్షణంలో నా కాలి వేళ్ళకి కిరీటం తగిలింది.

ఇంటికి తెచ్చాక ఆంటీ మొండేన్ని కంచె కింద నిలబెట్టించి, తలని పాదాల దగ్గర పెట్టించింది. "ఈ పసుపు రంగేమిటి?" అంది. మా వైపు పెళ్ళికూతురికి రాస్తామని చెప్పాను. "పెళ్ళికి మంచిదేనా?" "చాలా మంచిది." "అయితే తుడవకు."

తెల్లారేసరికి కుండపోత. ఆంటీ మాత్రం నీలం టోపీ, ముత్యాల దండ వేసుకుని సిద్ధంగా కూర్చుంది. "ఆయన్ని తొందరపెట్టకు" అంది, కిటికీవైపు కూడా చూడకుండా. ఇద్దరం నా లాప్‌టాప్‌లో చర్చి చూశాం. పెళ్ళికూతురు ఎక్కడో దూరంగా అగ్గిపుల్లంత కనపడుతోంది. చర్చి కప్పుమీద పడుతున్న వాన హోరు ఫాదర్ మాటల కన్నా బాగా వినపడుతోంది. ఆంటీ చేతిరుమాలు మడత పెడుతూ, విప్పుతూ, మళ్ళీ మడత పెడుతూ కూర్చుంది. ఉంగరాలు మార్చుకున్నారు. పెళ్ళికొడుకు తల్లి ఫోను చేసింది. "హోటలుకి పోదామా మరి? ఇలా అయితే కష్టం కదా." ఆంటీ "ఎలా వీలైతే అలాగే చెయ్యండి, గ్రాండ్" అంది. ఇక్కడ గ్రాండ్ అంటే బాగుందని కాదు, సరే కానివ్వండని. ఫోను పెట్టేసి టోపీ పిన్ను తీయబోయింది. నేను ఆ చెయ్యి పట్టుకున్నాను. ఎందుకో నాకే తెలీదు. "ఆయన్ని తొందరపెట్టకండి" అన్నాను.

కారు మా ఇంటి ముందే ఆగింది. హోటలుకి పోదామని అందరూ అంటే పెళ్ళికూతురు వినలేదట. "మా గ్రానీ దగ్గరున్నవాడికి తల లేదు, మీకు తెలీదు" అందట. పక్క గేటు లోంచి తెల్లగౌను ఎత్తిపట్టుకుని లోపలికి వచ్చేసరికి వాన ఆగిందా అంటే, ఆగలేదు. సన్నబడింది. మన పన్నీరు బుడ్డి చిలకరించినట్టు పడుతోంది. అందరూ ఆకాశంకేసి, తర్వాత ఆంటీకేసి చూశారు. ఆవిడ గుమ్మం దాటి వచ్చి, అరచెయ్యి చాచి చూసి, తన కుర్చీలో దర్జాగా కూర్చుని, "ఇది వాన కాదు. గాలిలో చెమ్మ" అని ప్రకటించింది. ఇంక ఎవరికి నోరుంటుంది? "అవునవును, చెమ్మే" అంటూ అందరూ తడి కుర్చీల్లో కూర్చున్నారు. కేకు మీది క్రీము మెల్లగా జారుతుంటే ఎవరూ చూడనట్టు నటించారు. పెళ్ళికూతురు ఆంటీకి ఎడంగా నిలబడి, ముట్టుకోవడానికి లేదు కాబట్టి, తన పొడుగాటి మేలిముసుగు కొసని గడ్డిమీదుగా ఆవిడవైపు విసిరింది. ఆంటీ వంగి ఆ కొస అందుకుంది. చెంపకి ఆనించుకుంది. ఇద్దరూ అలాగే చాలాసేపు ఆ గుడ్డకి చెరోవైపు ఉండిపోయారు. అప్పుడు నిజంగానే కాస్త ఎండ వచ్చింది. (రాలేదని మనవరాలి మొగుడు ఇప్పటికీ వాదిస్తాడు. ఫొటోలో నీడలున్నాయి, నేను చూశాను.)

అంతటితో అయిపోతే బాగుండేది. ఆంటీ గ్లాసు మీద చెంచాతో కొట్టి, "ఏట్లోంచి తీసిన విగ్రహానికి కొత్త బిరుదు ఇవ్వడం మన సంప్రదాయం. పైగా నిన్న ఇతను బాగా కష్టపడ్డాడు. పేరు పెట్టవలసింది ఈ అమ్మాయి" అని నన్ను చూపించింది. ముఖాలన్నీ నా వైపు తిరిగాయి. ఇంగ్లీషు మొత్తం నన్ను వదిలి లిఫీలో కలిసిపోయింది. మిగిలింది తెలుగు. "గొడుగయ్య" అన్నాను. అర్థం చెప్పమన్నారు. మా ఊళ్ళలో దేవుడు ఎంత దగ్గరివాడైతే పేరు చివర అంత చనువుగా అయ్య అనో అమ్మ అనో చేరుస్తామని, గొడుగంటే ఫలానా అని, జీవితంలో మొదటిసారి ఇంతమంది ముందు నాలుగు వాక్యాలు మాట్లాడాను. అందరూ గ్లాసులెత్తి "గొడుగాయా!" అన్నారు. ఫాదర్‌ని ఇది సబబేనా అని ఎవరో అడిగితే, "రోముకి రాసి అడిగితే జవాబు రావడానికి వందేళ్ళు పడుతుంది. ఈలోపు వాడుకోండి" అన్నాడు, నాలుగో కేకు ముక్క తీసుకుంటూ.

చలికాలంలో మళ్ళీ ఊరంతా మూతపడింది. ఒకరోజు ఊళ్ళో దుకాణం బయట గీతల మీద వరుసలో నిలబడి ఉంటే, నా ముందు ఇద్దరు ఆడవాళ్ళు మాట్లాడుకుంటున్నారు. ఒకావిడ కూతురికి వసంతంలో పెళ్ళట, వాన గురించి బెంగట. "వంతెన దగ్గరి ఆవిడని అడుగు, ఒకాయన్ని అరువిస్తుంది. గొడుగాయా అని. పాతకాలపు సెయింటు, తూర్పు దేశాలవాడు. భలే పనిచేస్తాడట" అంది రెండో ఆవిడ. "ఆ, ఆయన గురించి విన్నాను" అంది మొదటావిడ, ఎంతో భక్తిగా.

ఇప్పుడైతే నోరు విప్పి, పాతకాలపువాడు కాదండీ, మొన్న ఆగస్టులోనే పుట్టాడు అని అసలు సంగతి చెప్పేదాన్నేమో. మాటలు నేర్చాను, నలుగురిలో నెగ్గుకొస్తాను కూడా. ఆ రోజు వరుసలో నిలబడ్డ పిల్లకి అంత ధైర్యం లేదు. ఒక దేవుడికి పేరు పెట్టి, ఆ పేరుని ఊరికి వదిలేసి, ఎవరితోనూ ఒక్క మాట అనకుండా పాలడబ్బా కొనుక్కుని, దారి పొడుగునా తనలో తను నవ్వుకుంటూ ఇంటికి పోయింది. ఆ పిల్లంటే నాకిప్పుడు కాస్త అసూయ.